కాలువ దాటించిన చరిత్ర టీచర్

పోయిన మంగళవారం మధ్యాహ్నం క్లాంగ్ నుంచి ఫోన్ వచ్చింది. మా చరిత్ర టీచర్ పోయారని ఆవిడ చెల్లెలు చెప్పింది. "నిద్దట్లోనే ఎలిపోనాది," అంది. నాకు ఏడుపు రాలేదు. 

మీకు ఆవిడ తెలియదు. హుటాన్ మెలింటాంగ్ బడిలో ఇక్కడి భాషైన మలయ్‌లో పాఠాలు చెప్పేవారు. సుంగై సుమున్ దగ్గర మా ఎస్టేటు పిల్లలకు శనివారాలు చర్చి వరండాలో అవే పాఠాలు తెలుగులో మళ్లీ చెప్పేవారు. అమెరికాలో ఎడ్లబళ్లు కట్టుకుని పడమటికి వెళ్లిన వలస కుటుంబాల గురించి మా పుస్తకంలో ఉన్నది రెండు పేజీలే. ఆవిడకు నాలుగు శనివారాలు పట్టింది. వాళ్లు భయమెరుగని మనుషులని పుస్తకంలో ఉంటే, ఆ మాట కింద పెన్సిలుతో గీత గీసి, "రాసినోడు బండెక్కలేదు లా," అన్నారు, చివర మలయ్ వాళ్లలా ఆ "లా" చేర్చి.

ఏరు దాటుతూ కొట్టుకుపోయినవాళ్లు. పొద్దున్న బాగుండి సాయంత్రానికి కలరాతో పోయినవాళ్లు. బిడ్డను దారిలోనే పాతిపెట్టి, తోడేళ్లు తవ్వకుండా ఆ మట్టి మీదుగానే బళ్లు నడిపించుకుపోయిన అమ్మానాన్నలు. చెబుతుంటే ఆవిడ గొంతు సన్నబడేది. మేం దగ్గరికి జరిగేవాళ్లం.

"మరి ముందునుంచీ ఆ నేల మీదున్నోలు?" అని అడిగారొకసారి.  "ఆలకీ బయ్యమే. దూరంగా దుమ్ము లేస్తే సాలు, పిల్లల్ని దాసుకునీవోరు. ఈలు బయపడతా ఎల్లినారు, ఆలు బయపడతా ఇల్లొదిలినారు. రెండూ కలిపి సదవండి."

ఆ ఏడాదే మా ఎస్టేటు అమ్ముడుపోయింది. వరసగా కట్టిన కూలీల లైను ఇళ్లు ఖాళీ చేయమని గోడలకు కాగితాలు అంటించారు. మా మామ్మ పుట్టింది ఆ ఇళ్లలోనే. ఆఖరి రోజు ఒకటే వాన. మా సామాను లారీ కాలువ మీది చెక్క వంతెన దగ్గర ఆగిపోయింది. నీళ్లు పలకల దాకా వచ్చేశాయి. వెనక యంత్రాలు మొదటి వరస ఇళ్లను కూలుస్తున్నాయి. గోడ పడిన ప్రతిసారీ మామ్మ వేళ్లు నా భుజంలో దిగేవి. ఇంత బరువుతో వంతెనెక్కనని డ్రైవరు దిగిపోయాడు.

సాయానికి వచ్చిన టీచర్ చెప్పులు విప్పారు. "సగం దింపీయండి," అన్నారు. మంచం, కుట్టు మిషను, మామ్మ పెళ్లినాటి బీరువా బురదలోకి దిగాయి.

"దాన్నొదిలీసి నాను రాను టీచరమ్మా," అంది మామ్మ.

"నాకూ బయ్యమే మామ్మా. కాళ్లు సూడు, ఎలగ వణుకుతన్నాయో. బయ్యం పోయీదాకా కూకుంటే నీరు ఆగదు. నా సెయ్యి అట్టుకో."

టీచర్ ముందు, మామ్మ వెనక, ఆ వెనక నేను. ఆవిడ ఒక్కో పలకనూ పాదంతో నొక్కి చూసి అడుగేశారు. నడిమధ్యలో ఒక పలక కిర్రుమని ఒంగింది. మామ్మ కళ్లు మూసుకుంది. "ఇక్కడెయ్యి కాలు. ఇప్పుడిక్కడ," అంటూనే ఉన్నారు టీచర్. మా వెనకే డ్రైవరు తేలికపడిన లారీని కూడా దాటించాడు. బీరువా అవతలే ఉండిపోయింది. గట్టెక్కాక ఆవిడ ఒక పక్కకు వెళ్లి వాంతి చేసుకున్నారు. అంత భయం కడుపులో పెట్టుకుని మా ముందు నడిచారని నాకప్పుడే తెలిసింది.

తర్వాత కూడా ఆవిడ భయాన్ని దాచుకోలేదు. ఏ బస్సెక్కినా తలుపు పక్క సీటే. ఉరుము వినబడితే పాఠం ఆపి, అది పోయాక మొదలుపెట్టేవారు. మమ్మల్ని పిరికివాళ్లని ఒక్కనాడూ అనలేదు. అందుకు నేనెప్పటికీ రుణపడి ఉంటాను.

రెండు వారాల కిందట కువాలా సెలంగోర్ నుంచి బస్సెక్కి చూడటానికి వెళ్లాను. క్లాంగ్‌లో చెల్లెలి ఫ్లాటులో మంచం పట్టి ఉన్నారు.

"ఏటవతాదో తెలీదే," అన్నారు. "కళ్లు ముయ్యాలంటే బయ్యమేస్తంది."

"ఏం కాదు టీచర్..."

"అబద్దాలు సెప్పకు. దగ్గరగా కూకో."

కుర్చీ మంచానికి ఆనించి కూర్చున్నాను. చాలాసేపటికి ఆవిడ నిద్రపోయారు. ఎండ కిటికీలోంచి దుప్పటి మీదికి, దుప్పటి మీంచి ఆవిడ మెడ దాకా పాకింది. ఊపిరి నెమ్మదిగా ఆడుతోంది. కానీ ఆ వేళ్లు నా కుర్తా అంచును పిడికిట్లో బిగించి, గోళ్లు తెల్లబడేలా పట్టుకునే ఉన్నాయి.