నిస్సీ దించిన ఫ్లెక్సీ

నా పేరు హమీదా. ఆకివీడులో ఫ్లెక్సీల షాపు నాది. పుట్టినరోజు మొదలు పెద్దకర్మ దాకా ఈ ఊళ్ళో ఎవరి మొహం గాల్లో వేలాడినా అది నా మెషిన్లోంచి వచ్చిందే. నా నోరు పెద్దదంటారు, అననివ్వండి. ఆ రోజు మాత్రం సెంటర్లో ఆ నోరే పడిపోయింది.

నిస్సీకి పదహారేళ్ళు. తల్లి లేదు. తండ్రి నిత్యానందం చేపల చెరువుకు కాపలా ఉంటాడు. చెరువు గట్టు మీది పాకలోనే పెరిగిందా పిల్ల. కొల్లేటి పక్కన ఉండే మాకు ఎత్తంటే రైల్వే వంతెనే. అలాంటి పిల్లను, ఏలూరులో తను చదివే హాస్టల్ స్కూలు వాళ్ళు హిమాలయాల్లో పెద్ద శిఖరం ఎక్కడానికి ఎంపిక చేశారు. ఇదేం విడ్డూరం తల్లీ అని బుగ్గలు నొక్కుకున్నాను.

అక్కడ ఫోన్లు పనిచేయవట. రెండు వారాల తర్వాత స్కూలు నుంచి ఒక మెసేజ్ వచ్చింది, పిల్లలంతా క్షేమంగా దిగారని. నిత్యానందం రొప్పుతూ షాపుకొచ్చాడు.

"అమ్మగారూ, మా అమ్మాయి ఎక్కేసిందండి! ఫ్లెక్సీ వేయాలండి."

"ఎక్కిందని రాశారా?"

"దిగారని రాశారు కదండీ. ఎక్కకుండా ఎలా దిగుతారండి?"

నాకూ సబబుగానే తోచింది. ఫలితాలు రాకముందే ఫస్టు ర్యాంకు ఫ్లెక్సీలు కట్టే ఊరు మాది, ఇదెంత? నెట్లోంచి ఒక మంచుకొండ తీసి, దాని కొసన నిస్సీని నిలబెట్టి, చేతికి జెండా ఇచ్చాను. 'శిఖరాన్ని జయించిన మా ఆకివీడు ఆడపడుచు' అని ఎర్రటి అక్షరాలు వేశాను. సెంటర్లో ఇనుప ఆర్చీకి ఇరవై అడుగుల ఎత్తున కట్టించాం.

నాలుగోరోజు మధ్యాహ్నం నిస్సీ ఆటో దిగింది. బుగ్గలు మాడిపోయాయి, పెదవులు పగిలాయి. డప్పులు మోగాయి, ఎవరో దండ వేశారు. ఆ పిల్ల తలెత్తి ఫ్లెక్సీ చూసింది.

దండ తీసి తండ్రి చేతిలో పెట్టి, ఆర్చీ పట్టుకుని చకచకా పైకి పాకింది. కొండ ఎలా ఎక్కిందో చూపిస్తోందనుకుని జనం ఈలలు వేశారు. నేను మాత్రం ఆర్చీ కిందకి పరుగెత్తాను.

"దిగవే తల్లీ, పడి చస్తావ్!" అని గొంతు చించుకున్నాను.

వినలేదు. తాళ్ళన్నీ ఒక్కొక్కటే విప్పింది. ఫ్లెక్సీ వచ్చి డప్పులవాళ్ళ నెత్తిన పడింది. డప్పులు ఆగిపోయాయి.

కిందకి దిగి నా ఎదురుగా నిలబడింది. "నేను పైదాకా వెళ్ళలేదు ఆంటీ."

సిగ్గుతో చచ్చిపోయాననుకోండి. స్కూలుకి ఒక్క ఫోను చేసి అడగొద్దూ? పెద్దదాన్ని, నాకా మాత్రం బుద్ధి లేకపోయింది.

నిత్యానందం దండ పట్టుకుని అలాగే నిలబడ్డాడు. కూతురి దగ్గరికొచ్చి అడిగాడు, "ఎంత దూరంలో ఆగిపోయావమ్మా?"

"మన చెరువు గట్టంత దూరం నాన్నా. శిఖరం కనిపిస్తూనే ఉంది."

ఆ గట్టు ఆయన రోజూ చుట్ట కాల్చుకుంటూ నడిచేదే. "అంతేనా?" అన్నాడు.

"కాలివేళ్ళకు స్పర్శ పోయింది నాన్నా. వెళ్తావా, దిగుతావా, నీ ఇష్టం అన్నారు గైడుగారు. ఎక్కగలననిపించింది. దిగగలనని అనిపించలేదు. పాకలో నువ్వొక్కడివే కదా అనుకున్నాను. వెనక్కి తిరిగేశాను."

జనంలోంచి ఎవడో అరిచాడు, "ఇంతకీ ఎక్కిందా, లేదా?"

వాడి దుంప తెంచుదామని నేను నోరు తెరిచేలోపు నిత్యానందం దండ నా చేతికిచ్చి, వంగి ఫ్లెక్సీ మడిచి భుజాన వేసుకున్నాడు. రెండో చేత్తో కూతురి చెయ్యి పట్టుకున్నాడు.

"లేదండి," అన్నాడు అందరికీ వినపడేలా. "దిగొచ్చిందండి."