ఒకే నెలలో రెండు గండాలు

మా మేనత్త పోయిన కబురు నాకు మోనోరైలులో ఉండగా వచ్చింది. వచ్చిందన్న మాటే గానీ ఆ క్షణాన నాకు అర్థం కాలేదు. బ్రిక్‌ఫీల్డ్స్‌ పేటలో పని ముగించుకుని ఇంటికి వెళ్తున్నాను. అత్తా నేనూ ప్రాణం పెట్టుకున్న ఇంగ్లండులోని ఒక చిన్న ఊరి ఫుట్‌బాల్ జట్టు మ్యాచ్ అప్పటికి ముగిసే ఉంటుంది. స్కోరు చూసే ధైర్యం లేక ఫోను జేబులోనే పెట్టుకుని కూర్చున్నాను. అది మోగింది. ఇపో ఊరి నుంచి మరదలు, అంటే అత్త కూతురు. జట్టు ఓడిన రోజు అత్తకి నోట మాట రాదు. కూతురి చేత నాకు ఫోను చేయించి ఒక్క ముక్క చెప్పిస్తుంది. అందుకే మరదలు "పోనాది బావా" అనగానే నేను "ఎంతకి?" అన్నాను.

"ఎన్ని గోల్సు?" అని మళ్ళీ అడిగాను. "బావా... అమ్మ" అంది.

మన భాషలో మ్యాచ్ పోయినా మేనత్త పోయినా ఒకటే మాట. యాభై ఏళ్ళు వచ్చినా నాకు ఆ సంగతి ఎప్పుడూ తట్టలేదు. ఇప్పుడు ఫోను మోగితే చాలు, ఎవరు చేశారో చూడడానికి కూడా భయంగా ఉంటోంది.

ఇపో తెలుగువాళ్ళలో ఆమెను ఎరిగినవాళ్ళు ఈ పత్రిక చదివేవారిలో చాలామందే ఉంటారు. పెళ్ళిళ్ళలో వంటల దగ్గర నిలబడి అందరినీ గదమాయించే మనిషిగా మీకు గుర్తుండి ఉంటుంది. ఆవిడ ఎంత పిరికిదో మాత్రం మా ఇంట్లోవాళ్ళకే తెలుసు. ఉరిమితే అద్దం మీద దుప్పటి కప్పేది. లిఫ్టు ఎక్కితే తలుపు తెరుచుకునేదాకా నా చొక్కా వదిలేది కాదు. నేనూ అదే బాపతు. చదువు కోసం మా అమ్మానాన్నలు నన్ను అత్త దగ్గర ఉంచితే, పిరికిదాని చేతిలో పిరికివాణ్ణి పెట్టారని మావయ్య ఎగతాళి చేసేవాడు.

అలాంటి మనిషి ఏరికోరి ఆ జట్టును పట్టుకుంది. కొత్త కోడలిగా ఈ మలాయి దేశపు రబ్బరు తోటలో, కూలీల లైను ఇంట్లో కాపురం ఉన్నప్పటి సంగతి ఇది, ఆమె చెప్పగా విన్నదే. తోట హాల్లో అందరికీ కలిపి ఒక టీవీ ఉండేది. ఒకరోజు మావయ్యకి టీ ఫ్లాస్కు ఇవ్వడానికి వెళ్ళిందట. టీవీలో కప్పు మ్యాచ్ వస్తోంది. ఒక పక్క పేరుమోసిన పెద్ద జట్టు, ఇంకో పక్క కింది లీగు నుంచి వచ్చిన ఒక చిన్న ఊరి జట్టు. ఒళ్ళంతా బురద, మూడు గోల్సు వెనక. హాల్లో ఉన్న మగాళ్ళందరూ పెద్ద జట్టుకే చప్పట్లు కొడుతున్నారు. "అందరూ ఒకేపు కూకుంటే ఆయేపు ఎవులుంతారు?" అని అత్త గుమ్మం దగ్గరే కూలబడిందట. మ్యాచ్ చప్పగా ఉందని మగాళ్ళు ఒక్కొక్కరే లేచిపోయారు. చివరికి ఆవిడా, ఖాళీ ఫ్లాస్కూ మిగిలారు. జట్టు ఓడిపోయింది. అత్త మాత్రం అప్పటినుంచి ఆ జట్టు మనిషైపోయింది.

ఫుట్‌బాల్ తెలియనివాళ్ళ కోసం ఒక సంగతి చెప్పాలి. అక్కడ ఏడాది ఆటలు ముగిశాక లీగులో అడుగున మిగిలిన జట్లను కింది లీగుకి దించేస్తారు. మా జట్టు ఎప్పుడూ ఆ అంచు మీదే వేలాడుతూ ఉండేది. అత్త దాన్ని గండం అనేది. మార్చి వచ్చిందంటే మొదలు, "ఈయేడు గండం గడుస్తాదంటావా?" అని ఫోను. గడుస్తుంది అత్తా అన్నానా, తిట్లే తిట్లు. "ఓలమ్మా, నోరు ముయ్యిరా! దిష్టి తగలదూ?" గెలుస్తారని ఆ ఇంట్లో ఎవరూ పైకి అనకూడదు. పెద్ద మ్యాచ్ ఉన్న రోజు ఉప్పూ మిరపకాయలూ గుప్పిట పట్టి టీవీ చుట్టూ తిప్పి దిష్టి తీసేది. ఎదురింటి చైనా ఆవిడ ఒకసారి అది చూసి, టీవీ పాడైందనుకుని రిపేరువాడి నంబరు తెచ్చి ఇచ్చింది.

ఆటగాళ్ళ పేర్లకి ఆవిడ నోరు తిరిగేది కాదు. గోల్ కీపరు బట్టతలోడు. వెనకాల ఆడేవాడు పొడుగోడు. ఎప్పుడూ కింద పడిపోయే కుర్రాడికి "తిండి పెట్టనోళ్ళ పిల్లడు" అని పేరు. మీరు నవ్వుకోవచ్చు. అవతలివాళ్ళు కార్నర్ తన్నుతుంటే చీర చెంగు నోట్లో కుక్కుకుని, కళ్ళు మాత్రం ఆర్పకుండా చూసేది. అంత భయపడుతూనే చూసేది, ఆఖరి విజిల్ దాకా కుర్చీ కదిలేది కాదు.

నా పెద్ద పరీక్షల రోజున పొద్దున్నే వాంతి చేసుకుని, బడికి వెళ్ళనని మొండికేశాను. భయపడకు అని అందరూ చెప్పారు. భయం వాళ్ళు చెబితే పోయేదా! అత్త ఒక్కతే నా పక్కన కూర్చుని, "బయపడితే పడరా నాయినా. మద్దిలో లెగిసిపోకు, అంతే" అంది. పరీక్ష హాల్లో చేతులు వణుకుతూనే రాశాను, గంట కొట్టేదాకా లేవలేదు. నా ఉద్యోగం, నా సంసారం, నేను ధైర్యంగా చేశానని జనం అనుకునేవన్నీ ఇలా వణుకుతూ చేసినవే. ఆ రుణం ఆవిడకి ఎలా తీరుస్తానో నాకు తెలియదు.

ఈ ఏడాది జట్టుకి ఏం పూనిందో గానీ కప్పులో, అంటే ఓడితే ఇంటికే పోయే వేరే పోటీలో, గెలవడం మొదలుపెట్టింది. మొదట ఒక చిన్న జట్టుని, తర్వాత ఒక మోస్తరు జట్టుని, ఆ తర్వాత పై లీగులోని ఒక మహా మహా జట్టుని ఓడించింది. ఆ రోజు నేను ఇపోలోనే ఉన్నాను, సంతోషం పట్టలేక కేక పెట్టాను. అత్త మొహంలో నెత్తురు చుక్క లేదు. "గెలిసినారంటే ఇంకో మ్యాచ్ ఉన్నాదన్నమాటే కదరా. ఓడిపోనుంటే హాయిగా పడుకుందుము" అంది. ఆమె భయమే నిజమైంది. కప్పులో పరిగెత్తి పరిగెత్తి కుర్రాళ్ళు అలిసిపోయారు, పొడుగోడి మోకాలు పోయింది. కప్పులోంచి వెళ్ళిపోయేసరికి లీగులో అడుగుకి జారిపోయి ఉన్నారు.

అత్తకి ఆయాసం మొదలైంది కూడా అప్పుడే. వంటింట్లోంచి వసారాలోకి వచ్చేలోపు ఒకసారి ఆగి గోడ పట్టుకునేది. ఆస్పత్రికి తీసుకెళ్తే గుండెలో ఒక వాల్వు బిగుసుకుపోయిందన్నారు. ఏప్రిల్‌లో ఆపరేషన్ చేసేద్దాం, ఆలస్యం మంచిది కాదన్నారు. డాక్టరు ఒక మలాయి అమ్మాయి, మంచి పిల్ల. అత్త చెయ్యి పట్టుకుని "తాకుత్ కా, ఆంటీ?" అని అడిగింది, భయమేస్తోందా అని. "తాకుత్ లా" అంది అత్త, భయమేనని. ఆ వెంటనే, మే నెలలో అయితే వస్తానంది. ఏప్రిల్ అంటే లీగులో గండం తేలే నెల అని, అత్త కాక ఆ గదిలో నాకొక్కడికే తెలుసు.

ఇంటికొచ్చాక గొడవ పెట్టుకున్నాను. "ఆళ్ళకి నువ్వెవరో కూడా తెలీదత్తా. నీ గుండెకీ ఆళ్ళకీ ఏటి సంబంధం?"

"తెలవక్కర్నేదు. ఒకే నెల్లో రెండు గండాలు పెట్టుకోకూడదురా. దేవుడు ఒకటే గడిపిస్తాడు. నాది గడిపీసి ఆళ్ళని దించీస్తే?"

"దిగితే మళ్ళీ ఎక్కుతారు. నీకేటైనా అయితే?"

మరదలు తలుపు దగ్గర నిలబడి ఏడుస్తోంది. "అమ్మని అడక్కు బావా, దానికి నాకంటే ఆ టీమే ఎక్కువ" అంది. అత్త చీర చెంగు నలుపుతూ కూర్చుంది. తర్వాత చిన్న గొంతుతో, "నాకు ఆపరేసనంటే బయంరా" అంది. "ఆళ్ళ పేరు సెప్పి తప్పించుకుంతన్నాను. ఆళ్ళు గట్టెక్కినారంటే నాకూ దైర్నం వస్తాది. మే నెల్లో ఎల్తాను, నీ మీదొట్టు." నేను ఒప్పుకున్నాను. నాకూ అలాగే భయం వేసి ఎన్ని పనులు వాయిదా వేశానో నాకు తెలుసు.

ఆ నెలంతా నేను నిద్రపోయింది తక్కువ. శనివారం వస్తే రెండు భయాలు, జట్టు ఏమవుతుందో, అత్త ఏమవుతుందో. ఇపోకి పొద్దునా సాయంత్రం ఫోను చేసేవాణ్ణి. ఆవిడ "ఆ, బతికే ఉన్నానులేరా" అంటేనే కాఫీ గొంతు దిగేది. చివరికి ఒక శనివారం మ్యాచ్ సగంలో ఉండగా ఆమె కుర్చీలోనే ఒరిగిపోయింది. మ్యాచ్ వల్లేనా అని డాక్టరమ్మని అడిగాను. ఎవరూ చెప్పలేరు, ఎప్పుడైనా జరగొచ్చని ముందే అన్నాం కదా అంది. ఆ మ్యాచ్ ఎవరూ గెలవలేదు, సమానంగా ముగిసింది.

దినాలు అయిపోయాక మరదలు టీవీ వైరు పీకేసి, ఆ జట్టు మాట ఈ ఇంట్లో ఎత్తొద్దంది. వాళ్ళమ్మని మింగేసింది ఆ టీమే అంది. నేను తలూపాను.

ఈ వారం మధ్యలో ఫోను మోగింది, మరదలే. "ఆఖరి మ్యాచ్ ఎప్పుడు బావా?" అని అడిగింది. శనివారం రాత్రి అన్నాను. "ఆళ్ళు దిగిపోతారా?" అంది. ఓడితే దిగిపోతారు, ఓడకపోతే నిలబడతారని చెప్పాను. "నాకు బయమేస్తంది బావా. ఆళ్ళు దిగిపోతే, అమ్మ అన్నాళ్ళు ఆపరేసను ఆపుకున్నాది ఊరికే అయిపోద్ది. ఒక్కదాన్నీ సూడ్నేను. నువ్వు రా."

ఇది ఇపోలో, అత్త ఇంట్లో కూర్చుని రాస్తున్నాను. వైరు మళ్ళీ తగిలించింది నేను కాదు. ఇంకాసేపట్లో మ్యాచ్ మొదలవుతుంది. అక్షరాలు వంకరగా పోతున్నాయి. మరదలు వంటింట్లోంచి వచ్చి, తడి చేతులు తుడుచుకుంటూ నా పక్కన కూర్చుంది. టీవీలో రెండు జట్లూ వరసగా మైదానంలోకి వస్తున్నాయి. పుట్టినప్పటినుంచీ ఈ జట్టు మాటలు వింటూ, ఒక్కసారీ అటు తిరిగి చూడని పిల్ల, ముందుకు వంగి ఆ మొహాలను ఒక్కొక్కటే చూసింది.

"ఇందులో మనోళ్ళు ఎవులు బావా?" అని అడిగింది.