నోరు తెరవని కొక్కెం

మా కోడలు స్నేహలతకు జీతమిచ్చేది వస్తువులు విరగ్గొట్టడానికి. పటాన్‌చెరులోని ఒక పరీక్షశాలలో ఆమె పని. ఫ్యాక్టరీల నుంచి వచ్చిన ఇనుప కడ్డీలను యంత్రంలో బిగించి తెగేదాకా లాగుతుంది. ఎంత లాగితే ఎంత సాగింది, ఎక్కడ తెగింది అని చూస్తుంది. సాయంత్రం నవ్వుకుంటూ బస్సు దిగుతుంది. మాదేమో సంగారెడ్డి బజారులో ఇనుప సామాను అమ్ముకునే ఇల్లు. కోడలు విరగ్గొడుతుందని నలుగురికీ ఎట్లా చెప్పను? కంప్యూటర్ పని అని చెప్పుకుంటూ వచ్చాను.

మా అమ్మాయి దీప్తి పురిటికి వచ్చింది. మనవరాలిని తొట్టెలలో వేసే రోజు దగ్గరపడింది. తొట్టెల వేలాడదీయడానికి మా ఆయన దుకాణంలోంచి నల్లగా నిగనిగలాడే కొక్కెం తెచ్చాడు. స్నేహలత దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, అలాంటిదే ఇంకొకటి అడిగి తీసుకుపోయింది. మర్నాడు రెండు ముక్కలు తెచ్చి నా ముందు పెట్టింది.

నాకు ఒళ్లు మండింది. "శుభమా అని తొట్టెల ఏస్తుంటే గిదేం పనే?"

"పోత ఇనుము అత్తమ్మా. జెర గూడ సాగలే, చెప్పకుండ పటుక్కున విరిగింది. పాప పండుకున్నప్పుడు గిట్లయితే?"

ఆ ముక్కల్ని చేతిలోకి తీసుకుని చూశాను. ఆమె సంచిలోంచి ఇంకో కొక్కెం తీసింది. ఉక్కుది. అంతకు మించి లాగినా అది విరగలేదట, నోరు మాత్రం బార్లా తెరుచుకుంది.

"ఇది బరువెక్కువైతే ముందుగాల సాగి చెప్తది. గిసోంటిదే కొత్తది తెచ్చిన."

కొత్త కొక్కేన్ని దూలానికి బిగించాం. దాని నోటి వెడల్పుకు సరిగ్గా సరిపోయేలా స్నేహలత చీపురుపుల్ల విరిచి పెట్టుకుంది.

"ఇగ ఇంట్ల అందరికన్న బరువున్నోళ్లు కూసోవాలె. దిగినంక నోరు మళ్ల ఎప్పటిలెక్కనే ఉండాలె," అంది.

అందరూ నా వైపే చూశారు. ఎంత ధైర్యమో చూడండి.

తాడుకు పీట కట్టించుకుని కూర్చున్నాను. ఊగాను కూడా. చిన్నపిల్లలా ఒకటే నవ్వు. దిగాక కొలిస్తే పుల్ల మళ్లీ అంతే సరిగ్గా పట్టింది.

"నిన్ను మోసి గూడ నోరు తెరవనోళ్లం ఈ ఇంట్ల ఇద్దరమే," అన్నాడు మా ఆయన. "నేనూ, గీ కొక్కెమూ."

వేడుక నాడు పాప తొట్టెలలో ఆదమరచి నిద్రపోతుంటే మా వదిన పద్మావతి అడిగింది. "మీ కోడలిది కంప్యూటర్ల పనే గద?"

"కాదొదినా," అన్నాను, వాకిట్లో కూర్చున్నవాళ్లకు కూడా వినపడేలా. "విరగ్గొడతది. గందుకే పాప నిమ్మళంగ పండుకుంది."