గరుడుడి తరువాతే గుర్రం

యుద్ధం రోజుల్లో తిరుపతిలో దొరకని సరుకుల్లో చదరంగం పావులు కూడా ఒకటి. కిరసనాయిలు కోసం ఊరంతా ఏడ్చింది. పావుల కోసం ఏడ్చింది మా రీడింగ్ రూం సభ్యులు మాత్రమే. మద్రాసుకు రాస్తే ఇంగ్లండు నుంచి సీమ సరుకు రావడం లేదని జవాబొచ్చింది. చివరికి కొండకింద ఎర్రచందనం బొమ్మలు చెక్కే ఆచారికి పని అప్పజెప్పాం. ఏ పావు ఏమిటో, ఎలా నడుస్తుందో నేనే ఆయన దగ్గర కూర్చుని వివరించాను. ఆయన తల ఊపాడు.

కొన్నాళ్ళకు మూట విప్పి చూస్తే రాజుకు నామం ఉంది. ఎర్ర రాజుకూ ఉంది, నల్ల రాజుకూ ఉంది.

"ఇదేమి ఆచారీ?" అన్నాను.

"రాజు బొమ్మ అంటివి. ఈ ఊర్లో రాజు యాడుండాడప్పా? కొండమీదుండే స్వామి ఒక్కడే గదా!"

మంత్రి చోట హనుమంతుడు నిలబడి ఉన్నాడు. ఎటైనా, ఎంత దూరమైనా పోగలడని నేను చెప్పిన లక్షణాలు ఆయనకే సరిపోయాయట. కోణంగా పోయే శకటుల చోట గరుత్మంతులు రెక్కలు చాచి ఉన్నారు. ఏనుగులకూ గుర్రాలకూ ఉత్సవాల నాటి అలంకారం చేశాడు. బంట్లందరికీ గుండ్లు. మొక్కు తీర్చుకొని కొండ దిగివచ్చిన యాత్రికుల్లా వరసగా, నున్నగా మెరుస్తున్నారు.

అక్కడితో ఆగి ఉంటే నేనూ నవ్వి ఊరుకునేవాణ్ణి. కానీ మా సభ్యుల్లో గుడి ఆఫీసు గుమాస్తా ఒకాయన ఉండేవాడు. వైష్ణవుడు, నాకంటే పెద్దవాడు. బ్రహ్మోత్సవాల్లో ఏ వాహనం ఏ పూట బయలుదేరాలో ఆయనకు నిద్రలో లేపి అడిగినా తెలుసు. ఆయన పావులను కళ్ళకద్దుకొని, "వరస ప్రకారమే తీయాల. ముందు భక్తులు. ఆ తరువాత గరుడవాహనం, హనుమంత వాహనం, గజవాహనం. అశ్వవాహనం కడాకు" అన్నాడు.

పదిరోజులు తిరిగేసరికి రీడింగ్ రూంలో నేను తప్ప ఏనుగు కంటే ముందు గుర్రం తీసే మగవాడు లేకుండా పోయాడు. రాజు ఏనుగును దాటి కోటలో దాక్కునే ఇంగ్లీషు ఎత్తును కూడా మానేశారు. "స్వామి ఏనుగెక్కాల గానీ, దాని వెనకాల దాక్కొనేదేమి!" అని గుమాస్తా కసురుకునేవాడు.

నాకు ఒళ్ళు మండిపోయింది. ఈ ఆట పుట్టిందే మన దేశంలో. నాలుగు అంగాల సైన్యం అది, ఊరేగింపు కాదు. నా దగ్గరున్న చిరిగిన ఇంగ్లీషు పుస్తకంలో మొదటి పేజీలోనే రాసి ఉంది, గుర్రాలను ముందు తీయమని. అదే పుస్తకాన్ని గుమాస్తా ముక్కు ముందు పెట్టాను.

"స్వామీ, సీమలో పేరున్న ఆటగాళ్ళందరూ గుర్రమే ముందు తీస్తారు!"

"పాపం, వాళ్ళ ఊర్లో బ్రహ్మోత్సవాలు లేవు గదప్పా" అన్నాడాయన జాలిగా.

నేను గుర్రాలు ముందు తీసి అందరినీ ఓడించాను. ఎవరికీ చీమ కుట్టినట్టు కూడా లేదు. ఓడినవాడు "వరస మాత్రం తప్పలే" అని తృప్తిగా ఇంటికి పోయేవాడు. ఓటమి కూడా బుద్ధి నేర్పని మనుషులను ఏ వాదంతో మార్చాలి?

నేను అప్పట్లో హైస్కూల్లో లెక్కలు చెప్పేవాణ్ణి. బతుకుతెరువు లెక్కలదే గానీ నా ప్రాణమంతా ఆదివారం సాయంత్రం మీద ఉండేది. ఆ పూట రీడింగ్ రూం బల్ల ముందు నిలబడి మూఢాచారాల మీద ఉపన్యసించేవాణ్ణి. గదిలో ఉన్నది ఆ ఒక్క బల్లే. శ్రోతల్లో చాలామంది అది ఎప్పుడు ఖాళీ అవుతుందా, పావులు ఎప్పుడు పరుద్దామా అని కూర్చునేవాళ్ళు. ఆ సంగతి నాకు గుమాస్తా నోటనే తెలిసింది.

"ఒక ఆట ఆడదామప్పా" అన్నాడు ఒకనాడు అందరి ముందు. "నువ్వు గెలిస్తే ఎన్ని ఆదివారాలైనా వాగుకో, వింటాము. ఓడితే ఆదివారం బల్ల మాది. నీ ఉపన్యాసం బందు."

ఆ ఉపన్యాసాలు పోతే నాకు మిగిలేది కూడికలూ తీసివేతలే. అయినా ఒప్పుకున్నాను. తీర్పరిగా మిషన్ స్కూలు పాత హెడ్మాస్టరు కూర్చున్నాడు. ఆయన క్రైస్తవుడు కాబట్టి గరుడుడికీ గుర్రానికీ ఇద్దరికీ కాని మనిషి.

నా ఎత్తుగడ చాలా సులువు. గుమాస్తా ఏనుగులు రెండింటినీ మూలల్లోంచి కదలనీయకుండా బిగించాలి. ఏనుగు రాకపోతే గుర్రం రాదు. అంటే ఆయన నాలుగు పావులు లేకుండా ఆడుతున్నట్టే. అలాగే బిగించాను. ఆయన గరుడులతో, హనుమంతుడితో ఒంటరిగా తంటాలు పడుతుంటే చుట్టూ ఉన్నవాళ్ళు గోవిందా అంటున్నారు.

అప్పుడు నా గుర్రం దూకిన చోటు నుంచి ఆయన మూల ఏనుగు చేతికి అందింది. ఊరికే వచ్చే ఏనుగు! ఎవరు వదులుతారు? కొట్టాను. దాన్ని తీసి బల్ల అంచున పెట్టాను.

గుమాస్తా కళ్ళజోడు సవరించుకున్నాడు. నిదానంగా రెండోవైపు గుర్రాన్ని ఎత్తి ముందుకు దూకించాడు. అది నేరుగా నా హనుమంతుడి మీదికి వచ్చి నిలిచింది. హనుమంతుడు తప్పుకుంటే వెనక నా రాజుకు ఆటకట్టు. తప్పుకోకపోతే హనుమంతుడే పోతాడు, ఆ తరువాత ఆటకట్టు. నా గుర్రమేమో ఆయన మూలలో గడ్డి తింటోంది.

నేను లేచి నిలబడ్డాను.

"గుర్రం ఎట్లా తీస్తావు స్వామీ? ఏనుగు ఊరేగనే లేదే! వరస తప్పింది!"

తన చెవులు తనను మోసం చేస్తున్నాయేమో అన్నట్టు హెడ్మాస్టరు నావైపు వంగాడు.

"ఊరేగకపోవడమేమప్పా? ఊరేగింపంటే మోసేదే గదా. ఆ మూల నుంచి ఈ బల్ల అంచు దాకా నీ చేతుల్తో నువ్వే మోసుకొస్తివి. గజవాహనం అయిపొయ్యింది. ఇంక అశ్వవాహనమే."

"అది మోయడం కాదు, చంపడం! చచ్చిన ఏనుగు వాహనం కాదు! వాహనమంటే తన కాళ్ళ మీద బయలుదేరాలి! ఏ ఉత్సవంలోనైనా..." అంటూ ఎంతసేపు వాదించానో తెలియదు. వాహన సేవల గురించి నాకు అంత జ్ఞానం ఉందని అంతవరకూ నాకే తెలియదు. వెనక నుంచి ఎవరో "అయ్యవారు బాగా చెప్తా ఉండాడే, హారతి తెండబ్బా" అన్నారు.

హెడ్మాస్టరు చెయ్యెత్తాడు.

"నాకు ఒకటి తేల్చి చెప్పబ్బా. వరస అనేది ఒకటి ఉండాదా, లేదా? ఉండాదని నువ్వు ఒప్పుకుంటే గుర్రం వెనక్కి పోతుంది, ఆట నీది. లేదంటావా, గుర్రం ఆడనే ఉంటుంది."

గుమాస్తా నావైపే చూస్తున్నాడు. ఆయన ముఖంలో వెటకారం లేదు. నిజంగానే తెలుసుకోవాలని ఉన్నట్టుంది. ఒక్క 'ఉంది'తో నా ఆదివారాలన్నీ నాకు దక్కుతాయి. కానీ ఆ 'ఉంది' అన్న నోటితో ఆ బల్ల ముందు నిలబడి ఇక ఏం ఉపన్యసించను? గుండ్ల బంట్లు వరసగా నిలబడి నన్నే చూస్తున్నట్టనిపించింది.

"లేదు" అన్నాను.

గది దద్దరిల్లిపోయేలా చప్పట్లు కొట్టారు. నా ఉపన్యాసానికి అన్ని చప్పట్లు అంతకుముందు ఎన్నడూ రాలేదు. బల్ల దక్కిందని కొట్టారో, మాట నచ్చి కొట్టారో నేను విచారించలేదు. గుమాస్తా మాత్రం లేచి నా భుజం తట్టాడు.

హెడ్మాస్టరు గొడుగు తీసుకొని గుమ్మం దాకా వెళ్ళి, వెనక్కి తిరిగాడు.

"ఇంత పొట్టిగా చెప్పేటట్టుంటే, ఆదివారం ఆదివారం వచ్చి చెప్పబ్బా. మాకేమీ అభ్యంతరం లేదు."