పెట్టెలో దాచిన జీను

గుర్రపు స్వారీ నేర్పే ఆ శాలలో సామాన్ల గది తాళంచెవి ఎప్పుడూ ఆయన జేబులోనే ఉండేది. అసలు పేరు ఎవరికీ పట్టలేదు. మరదలు వేళాకోళానికి "కళ్ళెం బావ" అంది, అదే స్థిరపడిపోయింది. చివరికి యజమాని కూడా అలాగే పిలిచేవాడు.

స్వారీ అయ్యాక జీను మీది చెమట తుడవాలి. తడిసిన తోలుని నీడలోనే ఆరబెట్టాలి. నూనె పలచగా పట్టించాలి. ఇవి అడిగినవాళ్ళకి చెప్పేవాడు. తోలుకి గాలి ఆడాలన్నది మాత్రం అడగనివాళ్ళకీ చెప్పేవాడు. ఇంట్లో కొత్త చెప్పులు ప్లాస్టిక్ కవర్లో కనబడితే చాలు, భార్య మీద ఇంతెత్తున లేచేవాడు.

మోకాలికి ఆపరేషన్ తప్పలేదు. శాలలోనే గుర్రాలకి దాణా పెట్టే మరదలికి తాళంచెవి ఇచ్చి వెళ్ళాడు.

తిరిగొచ్చిన రోజు చేతికర్ర పక్కన పెట్టి, ఒక్కో పట్టీ కింద వేలు దూర్చి చూశాడు. ఎక్కడైనా మురికి తగిలితే బాగుండునని ఆయన ఆశ. తను లేకపోయినా గది బాగుంటే ఇక తనెందుకు?

మురికి తగల్లేదు. పైగా కళ్ళేలు మేకులకి లేవు. మరదలు గోడకి గుండ్రటి ఖాళీ డబ్బాలు బిగించి, వాటి మీద వేలాడదీసింది.

"మేకు మీదైతే పట్టీ అక్కడే మడతపడి విరుగుతోంది, బావా."

ఇన్నేళ్ళూ మేకులు కొట్టింది ఆయనే. ముక్కు పైకెత్తి గాలి పీల్చాడు.

"ఏమిటా ముక్కు ఎగరేయడం? తప్పులు వాసనకి దొరుకుతాయా?"

"బూజు కంపు."

"నా వాటికి లేదు. ఆ మూల పెట్టె సంగతి నాకు తెలీదు. దాని తాళం నువ్వు పట్టుకుపోయావుగా."

ఆయన జేబులోంచి పెట్టె తాళంచెవి తీశాడు. అందులో ఉన్నది శాలలోని ముసలి ఆడగుర్రం జీను. తన చేత్తో కుట్టింది. మరదలు నూనెలో ముంచేస్తుందేమోనని వెళ్ళే ముందు పెట్టెలో దాచాడు. మూత తీశాడు. దాచడమే కాదు, దుమ్ము పడకుండా ప్లాస్టిక్ షీటు చుట్టి, తాడు కూడా కట్టి వెళ్ళాడు. లోపల జీనంతా తెల్లటి బూజు నూగు.

మరదలు షీటు వంక చూసింది, ఆయన వంక చూసింది.

"ఎవరో బాగా తెలిసినవాళ్ళే చుట్టారు."

"నోరు మూసుకుని గుడ్డలు పట్రా."

"ఇక్కడ దులపకు. మిగతావాటికీ అంటుకుంటుంది."

జీనుని తనే ఎత్తుకుని బయట నీడలోకి తెచ్చింది. ఇద్దరూ పొడిగుడ్డతో తుడిచారు. తర్వాత తడిగుడ్డకి సబ్బు రాసి రుద్దారు. తోలు బతికే ఉంది. కానీ గుర్రం పొట్ట కింద బిగించే పట్టీ దగ్గర కుట్టు మెత్తబడి, లాగగానే ఊడొచ్చింది.

"నాకు కుట్టడం రాదు, బావా," అంది మరదలు. ఈసారి గొంతులో వేళాకోళం లేదు.

ఆయన ఊడిన పట్టీని ఒళ్ళోకి లాక్కున్నాడు.

"తాళంచెవి నీ దగ్గరే ఉండనీ. ఎత్తడం, దించడం నావల్ల కాదు. ఊడినవి నా ముందు పడెయ్."

"మరి ఈ షీటు?"

"వానొస్తే నువ్వు కప్పుకో. నీకు గాలి ఆడకపోయినా నష్టం లేదు."

మరదలు పకపకా నవ్వింది. ఆయన మైనం దారం తీసి, సూదిని వెలుగుకెత్తి పట్టి, దారం ఎక్కించబోయి, గురి తప్పి, మళ్ళీ తప్పి, చివరికి రెండూ ఆమె చేతికిచ్చాడు.