మూడు ప్రాణాల విమానం ఆట

2007లో నన్ను వన్ టౌన్‌లోని ఒక మొబైల్ సర్వీస్ సెంటరులో మూడో స్థాయి టెక్నీషియన్‌గా వేశారు. మొదటి స్థాయివాళ్ళు కీప్యాడ్లు, కేసులు మారుస్తారు. రెండో స్థాయివాళ్ళది బోర్డు మీద టంకం పని. సాఫ్ట్‌వేర్ చిక్కులన్నీ నా బల్ల మీదికొచ్చేవి. ఆ పనిలో నాకు తిరుగులేదనుకునేదాన్ని, చాలావరకు నిజమే.

ఒకరోజు పోలమ్మ అనే చేపలమ్మే ఆవిడ రెండు ఫోన్లు పట్టుకొచ్చింది. ఆవిడ భర్త ఎర్రయ్య మరబోటు నడిపే సరంగు. పక్షవాతంతో కుడిచెయ్యి పట్టు తప్పింది. వేళ్ళు కదుపుతూ ఉండమన్నారు డాక్టరు. పిసుకుతూ ఉండమని రబ్బరు బంతి ఇస్తే విసిరికొట్టిన మనిషి, ఫోన్లో విమానం ఆట మాత్రం కుడి బొటనవేలితో గంటలకొద్దీ ఆడేవాడు. ఆ ఫోను నీళ్ళలో పడి పాడైంది. మెమరీ కార్డు తీసి వేరే కంపెనీ సెకండ్‌హ్యాండ్ ఫోన్లో పెడితే, ఆట తెరుచుకుంటోంది గానీ మొదలవట్లేదు.

"వారమైందమ్మా, ఏలు కదపట్లేదు. ఏటి సేత్తావో సెయ్యి," అంది.

కారణం నాకు వెంటనే తెలిసింది. ఆట మొదలుపెట్టడానికి నొక్కే, తెర కింది ఎడమ బటన్‌కి ఒక్కో కంపెనీ ఒక్కో అంకె ఇస్తుంది. ఆట పాత కంపెనీ అంకె కోసమే చూస్తోంది. తయారైన ఆట ఫైలు విప్పి అలాంటి అంకెలు మార్చడాన్నే ప్యాచ్ చెయ్యడం అంటాం. పాత ఆటల్ని ఇలా సర్దేవాళ్ళం ఇంటర్నెట్‌లో ఒక ఫోరం పెట్టుకుని ఫైళ్ళు పంచుకునేవాళ్ళం. బయటి సాఫ్ట్‌వేర్‌కి రిపేరు చీటీ, అదే జాబ్ కార్డు, రాయకూడదు గనక, భోజనం వేళలో చేసుకోమన్నారు మేనేజరు.

అంకె మార్చాను. ఫైలు చెల్లదంది ఫోను. ఆటతోపాటు ఉండే వివరాల ఫైలులో ఆట ఫైలు పాత సైజే ఉండిపోయింది. అదీ దిద్దాక ఆట మొదలైంది. ఎలాగూ ఫైలు విప్పాను కదా అని, ఆయన కష్టపడకూడదని, మూడుసార్లు కూలితే ఆట అయిపోయే ఆ మూడు ప్రాణాలకి బదులు, విమానం ఎన్నిసార్లు కూలినా ఆట ఆగకుండా చేశాను. ఎవరూ అడగలేదు. నాకు గొప్పగా అనిపించింది. ఫోను పోలమ్మకిచ్చి, ఆ ఫైలు ఫోరంలోనూ పెట్టాను.

పది రోజులకి ఎర్రయ్యే భార్య భుజం పట్టుకుని వచ్చాడు. ఫోను బల్ల మీద పెట్టాడు.

"ఎంతసేపాడినా సావట్లేదమ్మా ఇది. సావనప్పుడు నాను ఏలెందుకు కదపాల? ఊరికే సూత్తన్నాను."

పోలమ్మ నా ముఖంలోకి చూడలేదు. నాలుగు రోజులుగా ఆయన ఫోను ముట్టలేదని మాత్రం చెప్పింది. నేను చేసిన ఉపకారం ఆ చేతికి ఇంకో నాలుగు రోజులు నష్టం చేసింది.

మూడు ప్రాణాలూ తిరిగి పెట్టి, అక్కడే ఆడి చూడమన్నాను. విమానం వెంటవెంటనే మూడుసార్లు కూలింది. ఆయన మళ్ళీ మొదలుపెట్టాడు. కుడి బొటనవేలు మళ్ళీ మళ్ళీ బటన్ నొక్కింది.

ఫోరంలో పెట్టిన నా ఫైలు తీసేసి, బటన్ అంకె ఒక్కటే మార్చినది పెట్టాను. చెప్పిన లోపం సరిచెయ్యడం వరకే నా పని. మిగతాది మార్చేముందు వాడేవాళ్ళని అడగాలి. ఆ తరవాత నా కింద చేరిన ప్రతి టెక్నీషియన్‌కీ మొదటిరోజే ఈ మాట చెప్పాను.