ఉడుమును చూసి నవ్వొద్దు

బుడేన్ అన్నలో ఒకటే లోపం. ‘రాకాసి ఉడుము’ను చూసి ఎవరు నవ్వినా ఊరుకోడు.

అది ముప్పై ఏళ్ల కిందటి సినిమా. భయపెడుతూ నవ్వించాలని తీశారు. రెండూ చేతగాక నాలుగో రోజుకే వెళ్లిపోయింది. ఇప్పుడేమో జనానికి అందులో ప్రతి మాటా కంఠతా. ఏటా ఒక ఆదివారం మధ్యాహ్నం నంద్యాలలో హాలు తీసుకుని మరీ వేస్తారు. రైసుమిల్లులో దూరిన ఉడుము బస్తాలు వదిలేసి ఓనరును మింగుతుంటే ఈలలే ఈలలు.

ఆ ఈలల మధ్య మా బుడేన్ లేస్తాడు.

“ఏందప్పా నవ్వుతాండావ్? ఆ పొలుసులు చూడు! రెగ్జిన్ మీద ఒక్కొక్కటి చేత్తో కుట్టిండేది. నీ చొక్కాకు గుండీ కుట్టుకునేది వచ్చునా నీకు?”

ఆయన ఆటో సీట్లు కుట్టే అంగడి పక్కనే నా వెల్డింగ్ షెడ్డు. కాబట్టి ఏడాది పొడవునా ఆ తిట్లు నాకు ఉచితం. ఒకసారి ఒక డ్రైవరు, “ఆ తోక రబ్బరు గొట్టమంట గదన్నా” అన్నాడు. బుడేన్ సగం కుట్టిన సీటు వాడి చేతిలో పెట్టాడు. “పో, గొట్టం మీదనే కూర్చోని తోలుకో!” వాడు వారం రోజులు గోనెసంచి మీద కూర్చుని తోలి, మళ్లీ ఈయన దగ్గరికే వచ్చాడు. ఆయన కుట్టు అలాంటిది.

ఈసారి ఆట వేసే హరీష్ ముందే చెప్పాడు. “బుడేనన్నా, మళ్ల అరిస్తే బయటికి పంపిస్తాం. ఇంగెప్పుడూ రానియ్యం.”

“అరవనులేప్పా.”

ఎప్పట్లాగే ఆళ్లగడ్డ బస్సు దిగిన పుల్లయ్యను తెచ్చి పక్కన కూర్చోబెట్టుకున్నాడు. నేను అవతలి వరసలో. బక్క ముసలాయన. బుడేన్‌కు కుట్టుపని నేర్పిన గురువు. అంతకు మించి ఎవరికీ చెప్పడు.

బుస కొట్టే ఉడుము పొట్ట ఉన్నట్టుండి గజగజా ఊగే ఘట్టం వచ్చింది. హాలంతా విరగబడి నవ్వింది. బుడేన్ పళ్లు బిగించి కుర్చీని గట్టిగా పట్టుకున్నాడు. వెనక నుంచి ఎవరో, “యాడ కుట్టినార్రా దీన్ని, గోనెసంచులంగట్లోనా?” అన్నారు.

లేచాడు.

“ఎవుడ్రా అనింది? మీ తాత కుట్టినాడా ఇట్లాంటిది?”

ఆట ఆపేశారు. హరీష్ వచ్చి బుడేన్ చెయ్యి పట్టుకున్నాడు. అప్పుడు ముసలాయన మెల్లగా లేచాడు.

“ఆయప్పను పంపొద్దు నాయనా. ఆ ఉడుము నేనే.”

హాలంతా ఆయన వైపు తిరిగింది.

“కుట్టిందీ నేనే, లోపల దూరిందీ నేనే. నా పేరు వేయల్యా. పేరు వేయని పనిని మనం చెప్పుకునేదేందని వీనితో ఒట్టేయించుకుంటి.”

బుడేన్ కోపం ఇంకా దిగలేదు. “నీ ముందరనే నవ్వుతాండార్ గదన్నా! నీకు బాధ గాదా?”

“బాధేందిరా? ఆ పొద్దు లోపల నాకే నవ్వాగల్యా. పొట్ట ఊగిందే అందుకు! ఏటేటా ఈడికొచ్చేది వీండ్లతో కలిసి నవ్వేదానికి. నీ అరుపులకు బెదిరి నేను ఒక్కతూరి గూడా నవ్వల్యా.”

ఆ ఘట్టం మళ్లీ వేశారు. బుడేన్ చేతులు కట్టుకుని నిలబడి వరసలన్నీ కలియజూశాడు. ఆయన చూపు నా దగ్గర ఆగింది. నేను పొలుసుల కుట్టు చూడటంలో మునిగిపోయి ఉన్నాను.

“ఏందప్పా, నవ్వవా?” అని గదిమాడు. “పెద్దాయన అంత దూరం నుంచి వచ్చినాడు!”